కుస్కోలో సగంపూట సిటీ టూర్: పెద్దవాళ్ళతో వెళ్తే దిగిన రోజే తీసుకోవచ్చా?

ప్రశ్న: కృష్ణలంక

అందరికీ నమస్కారం. జులై రెండో వారంలో మా కుటుంబం డాలస్ నుంచి పెరూ వెళ్తోంది. నేను, నా భార్య, పదకొండేళ్ళ మా అమ్మాయి, విజయవాడ నుంచి వచ్చి మా దగ్గర ఉంటున్న అమ్మా నాన్నగారూ కలిపి ఐదుగురం. మాచుపిచ్చుకు ప్రవేశ టికెట్లు, రైలు టికెట్లు కొనేశాం కనుక ఆ తేదీలను ఇక కదపడానికి వీల్లేదు. నా సందేహమంతా కుస్కో నగరంలో గడపబోయే మొదటి రోజు గురించే.

లిమా నుంచి మా విమానం ఉదయం పదింటికి కుస్కోలో దిగుతుంది. అదే రోజు మధ్యాహ్నం ఒంటిగంటన్నరకు మొదలై సాయంత్రం ఆరున్నరకు ముగిసే సిటీ టూర్ తీసుకోమని మా ప్రయాణ ఏర్పాట్లు చూస్తున్న ఏజెంటు చెబుతున్నారు. కథీడ్రల్, కొరికాంచా అనే సూర్యదేవాలయం, తరువాత బస్సులో ఊరికి పైనున్న కొండల మీది సక్సాయ్‌వామాన్, కెంకో, పూకా పుకారా, తాంబోమచాయ్ చూపిస్తారట. అంటే ఐదు గంటల్లో ఆరు చోట్లు. రెండో రోజు సేక్రెడ్ వ్యాలీ అనే దగ్గరి లోయ చూసి రాత్రికి ఒయాంతాయ్‌తాంబోలో బస చేస్తాం, మూడో రోజు మాచుపిచ్చు చూసుకుని రాత్రికి కుస్కో చేరతాం. నాలుగో రోజు పూర్తిగా ఖాళీ. ఆ రోజున రెయిన్‌బో మౌంటెన్ పెట్టుకుందామని ఏజెంటు సలహా. ఐదో రోజు ఉదయం తిరుగు విమానం.

నాన్నగారికి అరవై ఎనిమిదేళ్ళు. నీటిపారుదల శాఖలో ఇంజినీరుగా పనిచేసి రిటైరయ్యారు. బీపీకి మాత్ర వేసుకుంటారు, మోకాళ్ళు కొంచెం ఇబ్బంది పెడతాయి గానీ మెట్లు మెల్లగా ఎక్కగలరు. అమ్మకు ఏ ఇబ్బందీ లేదు, అయితే గుడ్డు కూడా ముట్టని శాకాహారి. ఇలాంటి కుటుంబం దిగిన పూటే ఈ టూర్‌కు వెళ్ళడం మంచిదేనా, గైడు తప్పనిసరా లేక ముందే చదువుకుని సొంతంగా తిరగవచ్చా, బృందంతో బస్సు మేలా లేక విడిగా కారూ గైడూ మాట్లాడుకోవడం మేలా, వెళ్ళివచ్చినవారు దయచేసి చెప్పగలరు.

జవాబు: పాతబాటసారి

కృష్ణలంక గారూ, సూటిగా చెప్పాలంటే దిగిన రోజు వద్దు. నాలుగో రోజు ఖాళీ అని మీరే రాశారు కదా, సిటీ టూర్‌ను ఆ రోజుకు జరపండి. రెయిన్‌బో మౌంటెన్ సంగతి పూర్తిగా మరచిపోండి. అది దాదాపు ఐదు వేల మీటర్ల ఎత్తులో ఉన్న కొండ. బీపీ మాత్ర వేసుకునే మనిషిని అక్కడికి తీసుకెళ్ళమని సలహా ఇచ్చిన ఏజెంటు మిగతా విషయాల్లో చెప్పేది కూడా ఒకటికి రెండుసార్లు ఆలోచించాకే నమ్మండి.

కుస్కో సముద్రమట్టానికి దాదాపు 3,400 మీటర్ల ఎత్తున ఉంది. లిమా సముద్రపు ఒడ్డున ఉన్న ఊరు. గంటా ఇరవై నిమిషాల విమాన ప్రయాణంతో అంత ఎత్తుకు చేరిన శరీరాన్ని, భోజనం కాగానే మరో మూడు వందల మీటర్లు పైకి తీసుకెళ్ళడమే ఈ టూర్ చేసే పని, ఎందుకంటే సక్సాయ్‌వామాన్, తాంబోమచాయ్ రెండూ దాదాపు 3,700 మీటర్ల దగ్గర ఉన్నాయి. మొదటిసారి వెళ్ళినప్పుడు నేను ఇలాగే దిగిన పూటే బస్సెక్కాను. కొరికాంచాలో హుషారుగానే ఉన్నాను, సక్సాయ్‌వామాన్ దగ్గర మాట తగ్గింది, తాంబోమచాయ్ చేరేసరికి బస్సు దిగే ఓపిక లేక అద్దానికి తల ఆనించి కూర్చుండిపోయాను. డబ్బు కట్టింది ఆరు చోట్లకు, చూసింది రెండున్నర. మూడేళ్ళ తరువాత మళ్ళీ వెళ్ళి తీరిగ్గా చూశాను కనుక ఈ మాత్రం రాయగలుగుతున్నాను.

మధ్యాహ్నపు బృందాలతో ఇంకా రెండు మూడు చిక్కులు ఉన్నాయి. జులైలో అక్కడ చలికాలం, సాయంత్రం ఐదున్నర దాటితే వెలుతురు తగ్గిపోతుంది, బృందం చివరి రెండు చోట్లకు చేరేది సరిగ్గా ఆ వేళకే. గైడు ప్రతి మాటనూ ముందు స్పానిష్‌లో, తరువాత ఇంగ్లీషులో చెబుతారు కనుక ఉన్న సమయంలో సగం మీకు అర్థం కాని భాషలోకి పోతుంది. తిరుగు దారిలో అల్పాకా అనే అక్కడి జంతువు ఉన్నితో చేసిన దుస్తుల దుకాణం దగ్గర బస్సు ఆపుతారు. మా బస్సును ఆపిన చోట కెంకోలో గడిపిన సమయానికి రెట్టింపు గడిపాం. "బేబీ అల్పాకా" అని చెప్పి మా పక్కసీటు ఆవిడకు అమ్మిన శాలువా ఇంటికి వెళ్ళి ఉతికాక నైలాన్ అని తేలిందని ఆవిడ తరువాత రాశారు.

ఇక చూడవలసిన వాటిలో ఎక్కడ నిలబడాలో చెబుతాను. నా మట్టుకు నాకు ఈ టూర్ మొత్తంలో కొరికాంచా ఒక్కటే సగం. అక్కడి స్థానిక భాష క్వెచువాలో ఆ పేరుకు బంగారు ఆవరణ అని అర్థం. స్పెయిన్ వాళ్ళు రాకముందు అక్కడ ఏలిన ఇంకాల కాలంలో దాని గోడలకు బంగారు రేకులు తాపడం చేసి ఉండేవి. 1533లో తమ చెరలో ఉన్న ఇంకాల రాజు అతాహువల్పాను విడిచిపెట్టడానికి స్పెయిన్ వాళ్ళు అడిగిన సొమ్ము కింద ఆ రేకులను ఊడదీసి పట్టుకుపోయారు. రాజును మాత్రం విడిచిపెట్టలేదు, చంపేశారు. తరువాత ఆ గోడల మీదనే సాంతో దొమింగో మఠం కట్టారు. 1650లోనూ, 1950లోనూ భూకంపాలు వచ్చినప్పుడు పైనున్న మఠం దెబ్బతిన్నది గానీ కిందనున్న ఇంకాల గోడలు నిలిచాయి. పైగా 1950 తరువాత శిథిలాలను తొలగిస్తున్నప్పుడే మఠపు గోడల వెనక కప్పబడిపోయిన ఇంకాల గదులు మళ్ళీ వెలుగు చూశాయి.

అవి ఎలా నిలిచాయన్నది లోపలికి వెళ్ళి నిదానంగా చూస్తే తెలుస్తుంది. గోడలు నిట్టనిలువుగా లేవు, కొద్దిగా లోపలికి వాలి ఉంటాయి. తలుపులు, గూళ్ళు, కిటికీలు అన్నీ కింద వెడల్పుగా, పైన ఇరుకుగా ఉంటాయి. రాయికీ రాయికీ మధ్య సున్నం లేదు, మట్టి లేదు, ఒకదానికొకటి అతికేదాకా అరగదీసి పేర్చారు. ఒక గదిలో నిలబడి కిటికీలోంచి చూస్తే పక్క గదుల కిటికీలు ఒకే వరుసలో ఒకదాని వెనక ఒకటి కనిపిస్తాయి. వాటి పక్కనే మఠం వాళ్ళు కట్టిన తోరణాల వసారా ఉంటుంది. ఆ రెండు పనితనాలనూ ఒకే చూపులో పోల్చి చూసుకోవడానికి గైడు మాటలు కాసేపు ఆగితేనే బాగుంటుంది.

సక్సాయ్‌వామాన్ మీ అమ్మాయి కోసం. మూడు అంతస్తులుగా, రంపపు పళ్ళలాగా మెలికలు తిరుగుతూ దాదాపు నాలుగు వందల మీటర్ల పొడవున సాగే గోడలవి. అతి పెద్ద రాళ్ళ బరువు వంద టన్నులు దాటుతుందని అంచనా. 1536లో ఇంకాల రాజు మాంకో స్పెయిన్ వాళ్ళ మీద తిరుగుబాటు చేసినప్పుడు ఈ కోట కోసం జరిగిన పోరులోనే స్పెయిన్ సేనాని ఫ్రాన్సిస్కో పిజారో తమ్ముడు హువాన్ పిజారో తలకు రాయి తగిలి చనిపోయాడు. ఆ తరువాత స్పెయిన్ వాళ్ళు దీన్ని రాతి గనిలాగా వాడుకుని, మోయగలిగిన రాయినల్లా కిందికి దింపి కథీడ్రల్‌కూ తమ ఇళ్ళకూ పెట్టుకున్నారు. ఇప్పుడు మిగిలినవి వాళ్ళు మోయలేకపోయినవి. గోడలకు ఎదురుగా మైదానం దాటితే ఒక రాతిగుట్ట ఉంది, దాని మీద సహజంగా ఏర్పడిన నున్నటి రాతి జారుడుబండలు ఉన్నాయి. పిల్లలను అక్కడ ఒక అరగంట వదిలేయండి. పాత ప్యాంటు వేయడం మరచిపోవద్దు.

కెంకోలో రాతిని తొలిచి చేసిన చల్లటి నేలమాళిగ గది చూసి వచ్చేయవచ్చు. పూకా పుకారా అంటే ఎర్రకోట, రోడ్డు పక్కనుంచి చూసినా సరిపోతుంది. తాంబోమచాయ్ మాత్రం మీ నాన్నగారి వృత్తికి సంబంధించినది. అక్కడ రాతి వేదికల మధ్య నుంచి ఇంకాలు మళ్ళించిన నీటి ధారలు ఈ రోజుకూ పారుతున్నాయి. ఆయనను దిగనివ్వండి, తొందరపెట్టకండి.

నాలుగో రోజు ఉదయం తొమ్మిదింటికి కారూ గైడూ మాట్లాడుకుని ముందు అన్నిటికన్నా దూరంగా ఉన్న తాంబోమచాయ్‌కి వెళ్ళండి, ఊరికి ఏడెనిమిది కిలోమీటర్లు ఉంటుంది. అక్కడి నుంచి ఒక్కొక్కటే చూసుకుంటూ కిందికి దిగి రండి. ఎక్కడం తప్పుతుంది, మధ్యాహ్నపు గుంపులు వచ్చేసరికి మీరు ఊళ్ళో ఉంటారు, భోజనం చేసి కొరికాంచా చూసుకోవచ్చు. గైడుకు అధికారిక గుర్తింపు కార్డు ఉందో లేదో చూసి మాట్లాడుకోండి. ఐదుగురికి లెక్క వేసుకుంటే బస్సు సీట్ల ఖర్చుకూ దీనికీ తేడా ఉంటుంది గానీ, పెద్దవాళ్ళు ఉన్నప్పుడు ఆ తేడా పెట్టదగినదే.

టికెట్ల విషయంలో చాలామంది పొరపడతారు. పైనున్న నాలుగు చోట్లకూ విడివిడిగా టికెట్లు అమ్మరు, బొలెతో తురీస్తికో అనే ఉమ్మడి టికెట్ కొనాలి. పూర్తి టికెట్ పది రోజులు చెల్లుతుంది, నేను వెళ్ళినప్పుడు పెద్దవాళ్ళకు 130 సోల్స్ (పెరూ కరెన్సీ). ఈ నాలుగింటికి మాత్రమే పనికొచ్చే పాక్షిక టికెట్ అప్పట్లో 70 సోల్స్, అది ఒక్క రోజే చెల్లుతుంది. మీరు ఎలాగూ సేక్రెడ్ వ్యాలీలో పిసాక్, ఒయాంతాయ్‌తాంబో చూస్తారు, వాటికీ ఈ పూర్తి టికెట్టే పనికొస్తుంది కనుక రెండో రోజు ఉదయమే అది కొనండి. కొరికాంచా, కథీడ్రల్ ఇందులో లేవు, వాటికి అక్కడికక్కడ వేరే టికెట్. కొరికాంచా పేరుతో ఉమ్మడి టికెట్‌లో కనిపించేది దాని కిందనున్న మ్యూజియం మాత్రమే. నగదు సోల్స్ దగ్గర ఉంచుకోండి.

జవాబు: స్టెతస్కోపు

నేను వృత్తిరీత్యా వైద్యుణ్ని, కుస్కోకు నిరుడు మా అత్తగారితో కలిసి వెళ్ళాను. పాతబాటసారి గారు చెప్పినదానికి ఒక్క మార్పు సూచిస్తాను. మొదటి రోజు రాత్రి కూడా కుస్కోలో ఉండకండి. విమానం దిగగానే కారులో నేరుగా సేక్రెడ్ వ్యాలీకి వెళ్ళిపోండి. ఉరుబాంబా, ఒయాంతాయ్‌తాంబో రెండూ 2,800 మీటర్లకు అటూ ఇటూగా ఉన్నాయి, కుస్కో కన్నా దాదాపు ఆరు వందల మీటర్లు తక్కువ. మొదటి రెండు రాత్రులు అక్కడ నిద్రపోయి, మాచుపిచ్చు చూసుకుని కుస్కో చేరేసరికి శరీరం చాలావరకు సర్దుకుని ఉంటుంది. అప్పుడు సిటీ టూర్ నిజంగానే సగంపూట పని.

3,400 మీటర్ల దగ్గర మనం పీల్చే గాలిలో అందే ఆక్సిజన్ సముద్రమట్టంతో పోలిస్తే మూడింట రెండు వంతులే. దాని ప్రభావం దిగగానే తెలియదు, ఆరు గంటలు మొదలుకొని ఒక రోజు లోపల తలనొప్పి, వికారం, నిద్రపట్టకపోవడంగా బయటపడుతుంది. దిగిన పూట హుషారుగా ఉన్నామనుకుని బస్సెక్కడంలో ఉన్న మోసం ఇదే. ముందు జాగ్రత్తగా వాడే ఎసిటజోలమైడ్ మాత్రను సాధారణంగా 125 మిల్లీగ్రాములు రోజుకు రెండుసార్లు, ఎత్తుకు వెళ్ళే ముందు రోజు నుంచి ఇస్తారు. కానీ మీ నాన్నగారి బీపీ మాత్రలో మూత్రం ఎక్కువ చేసే మందు కలిసి ఉందా, ఆయనకు సల్ఫా మందులు పడతాయా అన్నది తెలియకుండా ఎవరూ చెప్పకూడదు. ఆయన వైద్యుణ్ని అడిగి మాత్రమే వాడండి. బీపీ మాత్రను మాత్రం మానకూడదు. ఒకచోట కూర్చుని ఉన్నా ఆయాసం వస్తున్నా, నడక తూలుతున్నా, మాట తికమకగా ఉన్నా అది ఓర్చుకోవలసిన తలనొప్పి కాదు, వెంటనే కిందికి దిగి ఆసుపత్రికి వెళ్ళాలి.

హోటల్లో అడుగుపెట్టగానే కోకా ఆకుల టీ ఇస్తారు. అక్కడ అది చట్టబద్ధం, మనకు కాఫీ ఇచ్చినంత మామూలు మర్యాద. కొంత ఉపశమనంగా అనిపించవచ్చు గానీ అది మందుకు బదులు కాదు. మీలో ఎవరికైనా ఉద్యోగంలో డ్రగ్ టెస్టులు ఉంటే ఆ టీ తాగకండి, మూత్ర పరీక్షలో కొకెయిన్ అని చూపిస్తుంది. ఆ ఆకులు గానీ టీ సంచులు గానీ అమెరికాకు వెంట తెచ్చుకోవడం నేరం.

జవాబు: అడ్డతీగల

పై ఇద్దరి మాటతో నాకు పేచీ లేదు గానీ, గైడు మాటలు ఆగితేనే బాగుంటుందన్న అభిప్రాయంతో మాత్రం ఏకీభవించలేను. గైడు లేకుండా కుస్కో చూడటమంటే హరికథలో కథ వదిలేసి చిడతలు విన్నట్టే. కాకపోతే ఎలాంటి గైడు అన్నది ముఖ్యం. తేదీలు, టన్నులు అప్పజెప్పేవారు కాకుండా ఆ ఊళ్ళో పుట్టి ఇంట్లో క్వెచువా మాట్లాడేవారు దొరికితే వదలకండి.

మాకు దొరికిన గైడు అలాంటి మనిషే. హాతున్ రుమియోక్ వీధిలో నడుస్తూ, తమ భాషలో "మేము" అనడానికి రెండు మాటలున్నాయని, వినేవాణ్ని కలుపుకుంటే "నోఖాంచిస్", కలుపుకోకపోతే "నోఖైకు" అనాలని, స్పానిష్‌లో ఈ తేడా లేక పర్యాటకులకు చెప్పడం కష్టమవుతుందని అన్నాడు. మా బృందంలోని అమెరికన్లు తల గోక్కుంటుంటే నేనూ మా ఆవిడా నవ్వేశాం. మనం, మేము అని రోజూ వాడే మాటలేగా! అది చెప్పగానే అతను నడక ఆపి, మాకు మరిన్ని మాటలు చెప్పడం మొదలుపెట్టాడు. "వాసి" అంటే ఇల్లు, "వాసియ్కిపి" అంటే నీ ఇంట్లో. మనలాగే మాట చివర ప్రత్యయాలు తగిలించుకుంటూ పోతారు, క్రియ వాక్యం చివర వస్తుంది. ఆ "వాసి"ని చూసి మన నివాసంతో చుట్టరికం కలపనక్కర్లేదు, అది కేవలం కాకతాళీయం. కానీ ఆ పది నిమిషాల తరువాత అతను మాకు వేరే టూర్ చూపించాడు. రాజుల వరుస మానేసి, వాళ్ళ నాయనమ్మ ఏ గోడను చూపించి ఏమనేదో చెప్పాడు.

ఆ వీధిలోనే పన్నెండు మూలల రాయి ఉంది. అది ఇంకా రోకా అనే రాజు భవనపు గోడ, దాని మీదనే ఇప్పుడు ఆర్చిబిషప్ భవనం ఉంది. రాయి పన్నెండు మూలలకూ పక్క రాళ్ళు అతికిన తీరు చూడాలంటే పక్కకు నిలబడి ఏటవాలు వెలుతురులో చూడండి, ఎదురుగా నిలబడితే ఫోటో తప్ప మరేమీ కనిపించదు. 2025 ఫిబ్రవరిలో ఒక వ్యక్తి రాత్రివేళ సుత్తితో కొట్టడం వల్ల దాని మీద పెచ్చులూడాయి, ఆ గాట్లు కూడా చూపించమని గైడును అడగండి. పక్కన ఇంకా రాజు వేషం కట్టి నిలబడే మనిషితో ఫోటో దిగితే డబ్బు ఇవ్వాలి, ఎంత ఇవ్వాలో ముందే మాట్లాడుకోండి.

మీ జాబితాలో కథీడ్రల్‌ను ఎవరూ పట్టించుకోలేదు. అమ్మగారికి అది నచ్చుతుంది. అందులో భూకంపాల స్వామి అని పిలిచే శిలువపై క్రీస్తు విగ్రహం ఉంది. 1650 భూకంపం నాడు ఆ విగ్రహాన్ని ఊరేగించాకే అదురు తగ్గిందని ఊరి నమ్మకం, అప్పటి నుంచి ఏటా ఈస్టర్‌కు ముందు సోమవారం ఊరేగింపు జరుపుతూ ఎర్రటి న్యూక్చు పూలు చల్లుతారు. శతాబ్దాల కొవ్వొత్తుల పొగకూ ఆ పూల రసానికీ విగ్రహం నల్లబడిపోయింది. మార్కోస్ జపాతా గీసిన 18వ శతాబ్దపు కడరాత్రి భోజనం చిత్రం కూడా అక్కడే ఉంది. క్రీస్తు ముందున్న పళ్ళెంలో గొర్రెపిల్ల ఉండదు, ఆండీస్ కొండల వాళ్ళు పండుగలకు వండుకునే గినీపంది వెల్లకిలా పడి ఉంటుంది. లోపల ఫోటోలు తీయనివ్వరు.

ఖర్చు తగ్గించుకోవాలంటే ఊరి మధ్య భాగానికి చివర్లో టిప్ ఇచ్చే కాలినడక టూర్లు ఉన్నాయి. వాటికి "ఉచితం" అని పేరే గానీ ఆ గైడ్లకు బతుకుతెరువు ఆ టిప్పే, మరచిపోకండి. అయితే సాన్ బ్లాస్ వైపు మెట్లు ఎక్కిస్తారు, మీ నాన్నగారి మోకాళ్ళకు అది పడదు.

కృష్ణలంక

ముగ్గురికీ కృతజ్ఞతలు. దిగగానే ఒయాంతాయ్‌తాంబో వెళ్ళిపోయేలా హోటల్ మార్చాను, రెయిన్‌బో మౌంటెన్ తీసేశాను, ఏజెంటు కొంచెం నొచ్చుకున్నారు. గినీపంది మాట విన్నాక అమ్మ పెట్టె నిండా అటుకులు, పులిహోర పొడి సర్దుకుంటోంది. టూర్ రోజున మధ్యాహ్నం ఆమె తినగలిగినది ఏదైనా ఊళ్ళో దొరుకుతుందా?

జవాబు: చిక్కుడుపాదు

అటుకులు ఉండనివ్వండి గానీ అమ్మగారిని భయపెట్టకండి. బంగాళాదుంప పుట్టిల్లు ఆ కొండలే, అక్కడ శాకాహారి ఆకలితో ఉండరు. కీన్వా అనే అక్కడి గింజలతో చేసే సూప్ అడగండి, కానీ కోడి ఎసరుతో చేయలేదు కదా అని ప్రతిచోటా అడగాలి. "సిన్ కార్నే" అంటే మాంసం లేకుండా అని అర్థం, అది మాత్రమే అంటే కోడి ముక్కలు వేసి తెస్తారు, ఎందుకంటే చాలామంది లెక్కలో కోడి మాంసం కిందికి రాదు. "సిన్ పోయో, సిన్ వేవో" అని కోడి, గుడ్డు కూడా వద్దని విడిగా చెప్పాలి. ఎర్రటి క్యాప్సికంలా అమాయకంగా కనిపించే రొకోతోను చూసి మోసపోవద్దు, గుంటూరు మిరపకాయ తిన్న నాకే కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి.

వీలైతే సాన్ పెద్రో మార్కెట్‌లో ఒక పావుగంట గడపండి. బస్తాల్లో తెల్లగా, నల్లగా, సుద్దముక్కల్లా తేలికగా ఉండే గడ్డలు కనిపిస్తాయి, వాటిని చూన్యో అంటారు. చిన్న దుంపలను చలికాలం రాత్రి మంచులో ఆరుబయట పరచి, పొద్దున కాళ్ళతో తొక్కి నీరు పిండి, ఎండలో పెడతారు. కొన్ని రోజులు అలా చేస్తే ఏళ్ళ తరబడి నిలవ ఉంటాయి. మనం ఎండకు వడియాలు పెట్టుకున్నట్టు వాళ్ళు మంచుకు పెట్టుకుంటారన్నమాట. రుచి గురించి అడగకండి, అలవాటు పడాలి.

కృష్ణలంక

నిన్ననే తిరిగి వచ్చాం, చెప్పినవారికి ఫలితం చెప్పడం ధర్మం కనుక రాస్తున్నాను. మొదటి రెండు రాత్రులు కింద లోయలో ఉండటం వల్ల నాన్నగారికి ఒక పూట తలనొప్పి తప్ప ఏమీ కాలేదు. నాకు మాత్రం కుస్కోలో రాత్రి నిద్ర పట్టలేదు. నాలుగో రోజు ఉదయం కారులో పైనుంచి కిందికి చూసుకుంటూ వచ్చాం. మా అమ్మాయి జారుడుబండ మీద ఏడుసార్లు జారి ప్యాంటు చింపుకుంది. పాత ప్యాంటు వేయమని రాసినవారి మాట మేము వినలేదు. అమ్మ భూకంపాల స్వామి ముందు చాలాసేపు నిలబడింది. నూనె దీపాల మసి పట్టిన మన మూలవిరాట్టులాగే ఉన్నాడని, ఎవరూ చూడకుండా చేతులు జోడించానని బయటికి వచ్చాక చెప్పింది.

తాంబోమచాయ్ దగ్గర మాత్రం మా కాలపట్టిక తప్పింది. అక్కడ పైనుంచి ఒకే ధారగా పడిన నీరు కింది మెట్టు దగ్గర రెండు పాయలుగా చీలి పక్కపక్కనే పడుతుంది. రెండు పాయల్లోనూ నీరు సరిసమానంగా వస్తుందని, రెండు సీసాలు పెడితే ఒకేసారి నిండుతాయని గైడు చెప్పింది. నాన్నగారు నమ్మలేదు. దగ్గరికి వెళ్ళనివ్వరు కనుక తాడుకు ఇవతలే నిలబడి, ఒక పాయలో కొట్టుకొచ్చిన గడ్డిపరక అంచు దాటడానికి ఎంత సేపు పడుతోందో, రెండో పాయలో ఎంత పడుతోందో వాచీ పట్టుకుని లెక్కపెట్టారు. ఎండాకాలంలో ధార తగ్గుతుందా అని అడిగారు. వానలు లేని నెలల్లో కూడా ఇలాగే వస్తుందని ఆమె చెప్పింది, మేము వెళ్ళిందీ వానలు లేని నెలలోనే. ఎక్కడో వెనక కొండలో ఊటను పట్టి కట్టి ఉండాలని, పైకి కనిపిస్తున్న ఈ రాతిపని కన్నా అసలు పనితనం కనిపించని ఆ భాగంలో ఉందని ఆయన వాదన. ముప్పై ఏళ్ళు తూములు, కాలువలు చూసిన మనిషి, పాయను రెండుగా సమానంగా చీల్చడం కాగితం మీద గీసినంత తేలిక కాదని మాకు అందరికీ వివరించారు. డ్రైవరు రెండుసార్లు హారన్ కొట్టాడు. పూకా పుకారాను కారులోంచే చూశాం.

ఇప్పుడు ఆయన డైరీలో ఆ మెట్ల కొలతలు జానల లెక్కన వేసిన బొమ్మ ఒకటి ఉంది. తాంబోమచాయ్ నీటి మార్గాన్ని కొలతలతో చూపే పటం ఎవరికైనా ఎక్కడైనా కనబడి ఉంటే దయచేసి ఇక్కడ రాయండి, ప్రతి రోజూ కాఫీ వేళకు అడుగుతున్నారు.